పీఎఫ్ తీసి పైలట్ చేయొద్దు, ముందు కథ మీదేనని తేల్చుకోండి

ప్రశ్న: నాకు 35 ఏళ్లు. మాది అనంతపురం. 11 ఏళ్లుగా బెంగళూరు యానిమేషన్ స్టూడియోల్లో పని చేస్తున్నాను, ఇప్పుడున్న చోట 6 ఏళ్లు నిండాయి. స్టోరీబోర్డు (సన్నివేశాలను వరుసగా బొమ్మలుగా గీయడం)తో మొదలుపెట్టి ఎపిసోడ్ డైరెక్టర్ వరకు వచ్చాను. చేతికి 1.15 లక్షలు వస్తుంది, బేసిక్ 65,000. నా భార్య టీచర్, జీతం 42,000. పాప ఒకటో తరగతి. అద్దె, ఊళ్లో కొన్న స్థలం ఈఎంఐతో కలిపి నెల ఖర్చు 95,000. పీఎఫ్‌లో 13 లక్షలు, మ్యూచువల్ ఫండ్స్‌లో 8 లక్షలు, ఎఫ్‌డీలో 3 లక్షలు ఉన్నాయి. మూడేళ్లుగా శని, ఆదివారాల్లో పిల్లల సీరీస్ ఒకటి రాసుకుంటున్నాను. ఉద్యోగం మానేసి, పీఎఫ్ తీసి, 12 లక్షలతో నాలుగు నిమిషాల పైలట్ (చానళ్లకు చూపించే నమూనా) చేయాలని ఉంది. ఈలోగా ఒక విదేశీ స్టూడియో 10 స్క్రిప్టులు రాయమంటోంది. ఒక్కోదానికి 60,000, నెలకు రెండు. కాంట్రాక్టు పంపారు, ఇంకా సంతకం చేయలేదు. నాన్నకు షుగర్, ఆఫీసు ఇన్సూరెన్సులోనే ఉన్నారు. ఏం చేయమంటారు?

జవాబు: డబ్బు లెక్కల కంటే ముందు ఒక మాట. మీరు రాసుకుంటున్న సీరీస్ చట్టప్రకారం ఎవరిది? కాపీరైట్ చట్టం సెక్షన్ 17 ప్రకారం, వేరే ఒప్పందం లేకపోతే, ఉద్యోగంలో భాగంగా చేసిన రచనకు మొదటి యజమాని కంపెనీయే. సెలవు రోజున ఇంట్లో కూర్చుని రాశాను కదా అని మీరు అనొచ్చు, ఆ వాదనకు బలం ఉంది. కానీ ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ సృష్టించిందంతా కంపెనీదేనని అపాయింట్‌మెంట్ ఆర్డర్‌లో ఒక క్లాజు ఉంటే, సీరీస్ అమ్ముడుపోయే రోజున అదే మీకు అడ్డం వస్తుంది. ఈ రాత్రే ఆ ఆర్డర్ తీసి చదవండి. ఆఫీసు ల్యాప్‌టాప్‌లో, ఆఫీసు మెయిల్‌లో ఈ కథకు సంబంధించి ఒక్క పేజీ కూడా ఉంచకండి. ముంబైలోని స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్‌లో సభ్యత్వం తీసుకుని, బైబిల్‌నీ (సీరీస్ పాత్రలు, లోకం, కథల వివరాలుండే పత్రం) మొదటి స్క్రిప్టునీ ఆన్‌లైన్‌లో రిజిస్టర్ చేయండి. రాజీనామా చేసేటప్పుడు, ఈ సీరీస్ మీద తమకు హక్కు లేదని కంపెనీ నుంచి రాతపూర్వకంగా తీసుకోండి.

దీని మీద ఇంత పట్టుబట్టడానికి కారణం ఉంది. మన చట్టంలో సినిమాకు ‘రచయిత’ అంటే నిర్మాతే, దర్శకుడికి కాపీరైట్‌లో వాటా లేదు. దర్శకత్వానికి ఫీజు తీసుకున్నాక మీకంటూ మిగిలేది ఏమీ ఉండదు. రాతకు అలా కాదు. కథ, స్క్రిప్టు సాహిత్య రచనలు, వాటికి హక్కుదారు మీరే. 2012 సవరణ తర్వాత, హక్కులు రాసిచ్చినా సరే, థియేటర్ ప్రదర్శన తప్ప మిగతా వాడకాల మీద వచ్చే రాయల్టీలో సమాన వాటాను రచయిత వదులుకోవడం చెల్లదు. చట్టంలో ఉన్నంత తేలిగ్గా ఆ డబ్బు చేతికి రాదు, అది నాకు తెలుసు. అయినా మీ ఆస్తుల జాబితాలో స్థలం, ఫండ్స్ పక్కన ఈ కథ కూడా ఉండాలి. మీరు దాన్ని ఆస్తిగా లెక్కే వేయలేదు.

ఇక పైలట్. వద్దు. పిల్లల సీరీస్‌లు ఎక్కువగా 11 నిమిషాలవి 52 ఎపిసోడ్లుగానో, 22 నిమిషాలవి 26 ఎపిసోడ్లుగానో అమ్ముతారని మీకు నేను చెప్పనక్కర్లేదు. కొనేవాళ్లు చూసేది పాత్రలు, ఆ లోకం, 52 కథలకు సరిపడా సరుకు ఉందా లేదా అన్నది. దానికి మంచి బైబిల్, రెండు పూర్తి స్క్రిప్టులు, మీ చేత్తోనే చేసిన యానిమాటిక్ (స్టోరీబోర్డు బొమ్మలను వరుసగా పేర్చి చేసే ముడి వీడియో) చాలు. స్టోరీబోర్డు నుంచి వచ్చిన మనిషి మీరు, యానిమాటిక్‌కు మీకయ్యే ఖర్చు మీ సమయమే. పైలట్ కావాలని పట్టుబట్టే చానల్ దొరికితే ఖర్చు దాన్నే పెట్టమనండి. 2024-25కు పీఎఫ్ వడ్డీ 8.25 శాతం. అదే రేటు సాగితే, పన్ను సంగతి పక్కన పెడితే, మీ 13 లక్షలు తొమ్మిదేళ్లలో రెట్టింపు దాటుతాయి. ఉద్యోగం మానేశాక కూడా ఖాతాలో వడ్డీ పడుతుంది, కాకపోతే ఆ తర్వాతి వడ్డీకి పన్ను ఉంటుంది. పీఎఫ్‌తో పాటు ఈపీఎస్ (ఉద్యోగుల పెన్షన్ పథకం)లో కూడా మీరు సభ్యులై ఉండి, అందులో పదేళ్ల సర్వీసు దాటి ఉంటే, పెన్షన్ అర్హత కూడా వచ్చేసినట్టే. అప్పుడు ఆ సర్వీసుకు రుజువుగా ఇచ్చే స్కీమ్ సర్టిఫికెట్ తీసుకోవడం మరిచిపోవద్దు.

ఉద్యోగం మానేయాలన్న మీ కోరికను నేను తప్పుపట్టను. 2025 ఫిబ్రవరిలో టెక్నికలర్ గ్రూపు కూలిపోయినప్పుడు దాని బెంగళూరు స్టూడియో కూడా ఆగిపోయింది. నెల జీతం కూడా ఈ రంగంలో పూర్తి భరోసా ఏమీ కాదు. కానీ నెలకు రెండు స్క్రిప్టులు, 1.2 లక్షలు అంటే జీతానికి సమానమేగా అని మీరు లెక్కేసినట్టున్నారు. మొత్తం 10 స్క్రిప్టులు, 6 లక్షలు, ఐదు నెలలు. ఆ తర్వాత కొత్త పని దొరక్కపోతే, ఏడాది మీద సగటు నెలకు 50,000. మీ భార్య జీతం పోను ఇంటికి తగ్గేది 53,000. అంటే ఈ కాంట్రాక్టు ఒక్కటే ఉంటే ఏడాదికి దాదాపు సరిపోతుంది, ఒక్క ఇన్‌వాయిస్ ఆలస్యమైతే సరిపోదు.

అందుకే 12 నెలల లోటు, అంటే 6.36 లక్షలు, విడిగా సమకూరేలా చూసుకున్నాకే ఉద్యోగం వదలండి. ఎఫ్‌డీ 3 లక్షలు ఉంది. గ్రాట్యుటీ, 65,000ను 26తో భాగించి 15తో, ఆపైన 6 ఏళ్లతో హెచ్చిస్తే 2.25 లక్షలు. ఇప్పుడు మీ ఇంట్లో నెలకు 62,000 మిగలాలి. సిప్‌లు (ఫండ్స్‌లో నెలనెలా పెట్టే డబ్బు) ఆపి నాలుగు నెలలు ఆ డబ్బు పక్కన పెడితే మరో 2.48 లక్షలు. మొత్తం 7.73 లక్షలు. నోటీసు పీరియడ్ కూడా ఆ నాలుగు నెలల్లోనే గడిచిపోవాలి. మ్యూచువల్ ఫండ్స్ జోలికి వెళ్లొద్దు, అవి పాప చదువుకు.

ఆ 6.36 లక్షల పైన మిగిలే డబ్బు మొదట పోయేది ఇన్సూరెన్సుకే. రాజీనామా ఇచ్చిన రోజు ఆఫీసు కవర్ పోతుందన్న టెన్షన్‌తో పరుగెత్తకుండా, ఉద్యోగంలో ఉండగానే నాన్నగారికి ఒకటి, మీ ముగ్గురికీ ఒకటి వేర్వేరు పాలసీలు తీసుకోండి. షుగర్ సంగతి దాచకుండా రాయండి. ముందునుంచీ ఉన్న జబ్బులకు వెయిటింగ్ ఇప్పుడు మూడేళ్లకు మించకూడదు. గ్రూపు పాలసీ ఇచ్చిన కంపెనీలోనే వ్యక్తిగత పాలసీకి మారితే ఆ గడువు ఎంత తగ్గుతుందో హెచ్‌ఆర్ ద్వారా ముందే కనుక్కోండి. 2025 సెప్టెంబర్ 22 నుంచి వ్యక్తిగత ఆరోగ్య బీమాకు, టర్మ్ బీమాకు జీఎస్టీ లేదు. టర్మ్ పాలసీ గురించి మీరు ఏమీ రాయలేదు. లేకపోతే అది కూడా ఈ నెలలోనే తీసుకోండి.

ఇక పన్ను, అది పెద్ద భారం కాదు. కథ, స్క్రీన్‌ప్లే, సంభాషణల రచయితలూ, దర్శకులూ పన్ను చట్టం గుర్తించిన ‘ఫిల్మ్ ఆర్టిస్ట్’ వృత్తిలోకి వస్తారు. కాబట్టి పాత చట్టంలో 44ఏడీఏగా అందరికీ తెలిసిన పద్ధతిలో రాబడిలో సగాన్నే ఆదాయంగా చూపొచ్చు. ఏడాదికి 14 లక్షలు వచ్చినా ఆదాయం 7 లక్షలే, కొత్త విధానంలో 12 లక్షల దాకా రిబేటు ఉంది కాబట్టి పన్ను సున్నా. ఇక్కడి క్లయింట్లు కోసే 10 శాతం టీడీఎస్ రిటర్న్ వేస్తే వెనక్కి వస్తుంది. రాబడి 20 లక్షలు దాటితే జీఎస్టీ రిజిస్ట్రేషన్ తప్పదు. విదేశీ బిల్లులూ ఆ లెక్కలోకి వస్తాయి, ఎల్‌యూటీ (జీఎస్టీ కట్టకుండా ఎగుమతి చేయడానికి ఇచ్చే హామీపత్రం) ఇస్తే వాటి మీద పన్ను పడదు. మీ కాంట్రాక్టు ఈ పద్ధతికి సరిపోతుందో లేదో మొదటి ఏడాది సీఏ చేత చూపించండి.

ఇక సంతకం. విదేశీ కాంట్రాక్టుకు వాళ్ల దేశపు చట్టం వర్తిస్తుందని రాసి ఉంటే, పైన చెప్పిన రాయల్టీ హక్కు మీకు అందడం కష్టం. ఆ నష్టానికి ధర ఇప్పుడే ఫీజులో అడగాలి. 60,000 దగ్గర ఆగకండి. ఔట్‌లైన్, మొదటి డ్రాఫ్ట్, చివరి డ్రాఫ్ట్, మూడు చోట్లా డబ్బు వచ్చేలా మార్పించండి. ఎన్ని రీరైట్లు ఉచితమో అంకె వేయించండి. మధ్యలో సీరీస్ ఆపేస్తే అప్పటిదాకా చేసిన పనికి ఎంత ఇస్తారో రాయించండి. ముఖ్యంగా, ‘ఈ కాలంలో రచయిత రాసే ఇతర రచనలు’ అన్న మాట ఎక్కడైనా ఉంటే కొట్టేయించండి, మీ సొంత సీరీస్ అందులోకి జారిపోగలదు. పని మొదలు నాలుగు నెలల తర్వాత పెట్టుకోగలరా అని ఈ వారమే మెయిల్ పెట్టండి. ఉద్యోగంలో ఉంటూ కంపెనీ అనుమతి లేకుండా మొదటి స్క్రిప్టు మాత్రం పంపకండి.