సెపిక్ నదికి బయల్దేరిన మా మేనకోడలికి

చిన్నీ,

నువ్వు పాపువా న్యూగినీ వెళ్తున్నావని, సెపిక్ దిగువన ఉన్న ఆరు భాషల్లో ఏది దేనికి దగ్గరో తేలుస్తావని మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. రాత్రంతా నిద్ర పట్టలేదు. సంతోషం సగం, మలేరియా టెన్షన్ సగం.

దోమతెర, మాత్రలు, రికార్డరుకు అదనపు బ్యాటరీలు మర్చిపోకు. పడవలో లైఫ్ జాకెట్ విప్పావంటే ఊరుకోను.

'పాపువన్' ఒక భాషా కుటుంబం పేరు కాదు, ఆ ప్రాంతంలో ఆస్ట్రోనేషియన్ అనే పెద్ద కుటుంబానికి చెందని భాషలన్నిటికీ తగిలించిన పేరని నీకు తెలుసు. పేరును నమ్మి నేనెలా దెబ్బతిన్నానో మాత్రం నీకెప్పుడూ చెప్పలేదు.

నా ఇరవై నాలుగో ఏట కొరాపుట్‌లో రెండు ఊళ్లు తిరిగాను. రెండుచోట్లా "మేం గదబలం" అన్నారు. నీళ్లను ఒక ఊళ్లో 'నీర్' అన్నారు, ఇంకో ఊళ్లో 'డా' అన్నారు. ఒకే భాషలో రెండు మాటలనుకుని పక్కపక్కనే రాసేశాను. ఏది ఏ ఊరిదో గుర్తు పెట్టలేదు. సంత మాటలు రెండు ఊళ్లలోనూ కలిసేసరికి నా నమ్మకం ఇంకా గట్టిపడింది. అవి ఇద్దరూ ఒడియా నుంచి తెచ్చుకున్నవి! ఏడాది తర్వాత మా గురువుగారు ఆ పేజీ చూసి, "నీర్ మన ద్రావిడ మాట, డా ముండా మాట, వేరే కుటుంబం" అన్నారు. గదబ అనే ఒకే పేరు కింద రెండు భాషలు: ఒకటి ఒల్లారి, ఇంకొకటి గుతోబ్. మళ్లీ వెళ్లేసరికి నాకు మాటలు చెప్పిన ముసలమ్మ లేదు. ఎంత ఓపిగ్గా చెప్పిందో! నాలుగు నోటుపుస్తకాల్లో కొన్ని మాటలు ఎవరివో ఈరోజుకీ తేలలేదు.

అందుకే, తల్లీ, ప్రతి మాట పక్కన ఊరు, చెప్పిన మనిషి, ఆమె పుట్టిల్లు రాసుకో. నువ్వు వెళ్లే ఆరు భాషల్లో ఒకటైన చంబ్రి మాట్లాడే ఆడవాళ్లు చేపలిచ్చి కొండవాళ్ల దగ్గర సాగో పిండి తెచ్చుకునేవారు. సరుకుతో పాటు మాటలూ వస్తాయి. అక్కడ అందరికీ ఉమ్మడి భాషైన టోక్ పిసిన్‌లో అడిగేటప్పుడు చేత్తో చూపించి అడుగు. అందులో 'గ్రాస్' అంటే గడ్డీ, జుట్టూ, ఈకలూ కూడా.

'నేను', 'నువ్వు' ముందు రాసుకో. ఆ ఆరింటిలోనివే యిమాస్, మురిక్. యిమాస్‌లో అమా, మి. మురిక్‌లో మా, మి. ఇవి సంతలో అంత తేలిగ్గా చేతులు మారవు. కానీ వీటితో చుట్టరికం తెలుస్తుందే తప్ప, లోపల ఎవరు ఎవరికి దగ్గరో తెలియదు. దానికి, కొన్ని భాషలు మాత్రమే కలిసి పంచుకున్న కొత్త మార్పులు వెతకాలి. భాషావేత్త భద్రిరాజు కృష్ణమూర్తి గారు తెలుగును గోండి, కువి, కొండ భాషల పక్కన చేర్చింది అలాంటి మార్పులు చూసే.

వెళ్లేముందు ఒకసారి విశాఖ రా. ఆ నోటుపుస్తకాలు కిందకి దించి పెడతాను, 'నీర్, డా' రాసిన పేజీ నువ్వు చూడాలి.

మీ అత్తయ్య