గుండె లయ గురించి రాస్తున్న చిరంజీవికి

నల్లగొండ

చిరంజీవికి ఆశీస్సులు.

దేవరకొండ నుంచి నువ్వు పంపిన వ్యాసం అందింది, రెండుసార్లు చదివాను. భాష శుభ్రంగా ఉంది కానీ విషయం మొదటి వాక్యంలోనే దారి తప్పింది. మెదడు మీట నొక్కితే బోరు మోటారు నడిచినట్టు గుండె నడుస్తుందని రాశావు. మన రైతులకు చప్పున అందే పోలికే అయినా అది నిజం కాదు. ఒక ఆదివారం చేపల అంగడిలో కొర్రమీనును కోసేవారి దగ్గర కాసేపు నిలబడి చూడు. పొట్ట చీల్చి, పేగులతో పాటు పక్కకు తోసేసిన ఆ చిన్న ఎర్రటి ముద్ద, చేప తల వేరైపోయిన తరువాత కూడా చెక్క మీద కొంతసేపు ముడుచుకుంటూ విచ్చుకుంటూనే ఉంటుంది. వ్యాసాన్ని అక్కడ మొదలుపెడితే, దానికి మీట ఎవరు నొక్కుతున్నారన్న ప్రశ్నను పాఠకుడే వేసుకుంటాడు.

మన గుండెలో ఆ పని చేసేది, కుడి కర్ణిక, అంటే కుడివైపు పై గది పైభాగంలో, ఒంటి పై భాగం నుంచి రక్తం తెచ్చే ఊర్ధ్వ మహాసిర వచ్చి కలిసేచోట ఉండే సిరాకర్ణికా కణుపు. 1907లో దాన్ని వర్ణించిన ఇద్దరిలో ఆర్థర్ కీత్ పేరున్న శాస్త్రవేత్త. రెండోవాడైన మార్టిన్ ఫ్లాక్ అప్పటికి వైద్య విద్యార్థి మాత్రమే. తక్కిన గుండె కండర కణాలు సంకేతం వచ్చేదాకా ఊరకుంటాయి, ఈ కణుపులోని కణాలకు మాత్రం ఆ ఊరకుండటం చేతకాదు. సోడియం అయాన్లు మెల్లగా లోపలికి ఊరుతూ ఉంటే కణంలో వోల్టేజి పెరుగుతూ వచ్చి, ఒక హద్దు దాటగానే కాల్షియం జొరబడి సంకేతం పుడుతుంది; ఆ వెంటనే పొటాషియం బయటికి వెళ్లి వోల్టేజి దిగిపోతుంది, మళ్లీ ఊట మొదలవుతుంది. నరాల ప్రమేయం లేకుండా వదిలేస్తే ఈ కణుపు నిమిషానికి 100 దాకా సంకేతాలు పుట్టిస్తుంది. విశ్రాంతిలో మన నాడి 70 దగ్గర ఉండటానికి కారణం మెదడు నుంచి వచ్చే వేగస్ అనే నరం దాన్ని నెమ్మదింపజేయడమే. మెదడు చేతిలో ఉన్నది పగ్గమే తప్ప మీట కాదు.

కరెంటు అన్న మాటనూ జాగ్రత్తగా వాడు. ఆ మాట వినగానే పాఠకుడి కళ్లకు తీగలు కనిపిస్తాయి, గుండెలో తీగలు లేవు. గుండె కింది గదుల్లో సంకేతాన్ని పంచే పుర్కింజీ తంతువులు కూడా నరాలు కావు, సంకేతాన్ని వేగంగా మోయడానికి అలవాటుపడిన కండర కణాలే. సంకేతం ఒక కణం నుంచి పక్క కణానికి అందుతూ పోతుంది.

ఇక నీ వ్యాసంలో నాకు తీరని కొరత చెప్తాను. కణుపులు, కింది గదుల్లోకి సంకేతాన్ని దింపే హిస్ కట్ట, తంతువులు అన్నింటినీ ఒకే వాక్యంలో హాజరు పిలిచినట్టు పిలిచి ముందుకు వెళ్లిపోయావు. పై గదులైన కర్ణికలకూ కింది గదులైన జఠరికలకూ మధ్య సంకేతాన్ని దాటనివ్వని నారపొర ఒకటి ఉందనీ, దానిలో మామూలుగా ఒక్కటే దారి ఉందనీ, ఆ దారి మొదట్లో కర్ణికాజఠరికా కణుపు సంకేతాన్ని సుమారు సెకనులో పదోవంతు సేపు నిలబెడుతుందనీ చెప్పలేదు. 1906లో సునావో తవారా అనే జపాన్ వైద్యుడు ఈ కణుపును వివరించాడు. పై గదుల్లోని రక్తం కింది గదుల్లోకి పూర్తిగా దిగేదాకా కింది గదులు ముడుచుకోకూడదు, ఆ ఆలస్యం అందుకే. తూము ఎప్పుడు తెరవాలో ఎరిగిన నీరటి లాంటిదని రాయవచ్చు. రాస్తే మాత్రం ఆగింది రక్తం కాదు, సంకేతమని మరుసటి వాక్యంలోనే చెప్పు, లేకపోతే పోలికే పాఠకుణ్ణి ముంచుతుంది. అక్కడి నుంచి సంకేతం తంతువుల ద్వారా గుండె కొన వైపు పరుగెత్తుతుంది. ధమనులు పైన ఉన్నాయి కనుక పిండటం కింది నుంచి మొదలవడమే మేలు.

నేనూ తప్పు రాసినవాణ్నే. ఆగిపోయిన గుండెను షాక్ ఇచ్చి మళ్లీ నడిపిస్తారని సినిమాలు చూసి రాశాను. ఈసీజీ, అంటే గుండె సంకేతాల గీత తీసే ఒకాయన మిర్యాలగూడ నుంచి కార్డు ముక్క రాశాడు: గీత పూర్తిగా చదునైతే షాక్ పనికిరాదు, జఠరికలు అదుపు తప్పి గజిబిజిగా వణుకుతున్నప్పుడు ఇస్తారు, ఆ వణుకును ఒక్కసారిగా అణచివేస్తే సిరాకర్ణికా కణుపు మళ్లీ పెత్తనం తీసుకుంటుందని ఆశ. నా వ్యాసం మొత్తం కంటే ఆ కార్డులోనే ఎక్కువ విషయం ఉంది.

అందుకే బిడ్డా, తిరగరాసే ముందు ఇంట్లో పెద్దల పాత ఈసీజీ కాగితం ఒకటి ముందు పెట్టుకో. మామూలు వేగంలో తీసినదైతే అందులో చిన్న గడి ఒక్కొక్కటి 0.04 సెకను. కర్ణికలు ముడుచుకునే ముందు లేచే చిన్న గుట్ట మొదలు నుంచి, నిటారుగా లేచే ముల్లు మొదలు దాకా గడులు లెక్కపెట్టు. ఆరోగ్యవంతులకు 3 నుంచి 5 వస్తాయి. ఆ రెండింటి నడుమ పడుకున్న పొట్టి గీత ఉంది చూశావా, నువ్వు రాయకుండా వదిలేసిన ఆలస్యం ఎక్కువగా అదే. ఆ గీత ఒక్కదానికే ఒక పేజీ ఇచ్చి పంపు. పక్కన ఖాళీ కాస్త ఎక్కువ విడిచిపెట్టు, నా అక్షరాలు పెద్దవి.

ఆశీస్సులతో,
మీ మాస్టారు