మారియో బ్రేగా మీద నీ వ్యాసం గురించి

చిరంజీవికి,

నీ చిత్తుప్రతి చదివాను. పేరు ఇటాలియన్ సహాయ నటుడు మారియో బ్రేగాది, ముప్పావు వంతు దర్శకుడు లియోనేదీ హీరో ఈస్ట్‌వుడ్‌దీ. వాళ్ల మీద రాసినవాళ్లు చాలామంది ఉన్నారు. నువ్వు బ్రేగా సంగతి చూడు.

ముందు ఒక పట్టిక వేసుకో. ఒక్కో సినిమాకి ఇటాలియన్ అసలు పేరు, ఇటలీలో విడుదలైన ఏడాది, టైటిల్స్‌లో వేసిన పేరు, పాత్ర, తెర మీద ఉన్న నిమిషాలు, గొంతు ఎవరిది. లియోనే తీసిన మూడు డాలర్ల సినిమాలు ('ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్', 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్', 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ') ఇటలీలో వరసగా 1964, 1965, 1966లో వచ్చాయి. అమెరికాలో మూడూ 1967లోనే విడుదలయ్యాయి. నువ్వు అమెరికా తేదీలు పట్టుకున్నావు, దాంతో మూడేళ్ల పని ఒక్క ఏడాదిలో ఇరుక్కుపోయింది.

పేర్ల దగ్గరా జాగ్రత్త. 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్' టైటిల్స్‌లో బ్రేగా అని వెతికితే దొరకడు, రిచర్డ్ స్టైవెసంట్ అని ఉంటాడు. విలన్ వేసిన వోలోంతే జాన్ వెల్స్ అయ్యాడు, లియోనే బాబ్ రాబర్ట్‌సన్, సంగీతం చేసిన మోరికోనే డాన్ సావియో. వెస్టర్న్ (కౌబాయ్ సినిమా) అంటే అమెరికా సరుకే అనుకునే ప్రేక్షకుడి కోసం కట్టిన వేషం అది. చిన్న నటుడికి జరిగిన అవమానమంటూ నువ్వు రాసిన పేరా కొట్టెయ్.

ఇక గొంతు. ఆ సినిమాల్లో మాటలన్నీ తర్వాత డబ్బింగ్ చెప్పినవే. ఈస్ట్‌వుడ్‌కి ఇటాలియన్‌లో గొంతిచ్చింది ఎన్రికో మరియా సలెర్నో. బ్రేగా "గంభీర స్వరం" అంటున్నావు, నువ్వు చూసింది ఇంగ్లీషు ప్రింటు! ఎవరిదో తేలనప్పుడు గొంతు జోలికి పోకు, ఒళ్లు ఎలా వాడాడో రాయి.

అందుకు 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'లో బ్రేగా వేసిన కార్పొరల్ వాలెస్ సన్నివేశాలు ఒకసారి సౌండ్ తీసేసి చూడు. బయట ఖైదీల చేత బ్యాండు వాయిస్తూ లోపల బందిపోటు టూకోని చితకబాదుతాడు. ఆ తర్వాత ఒకే సంకెలతో ఇద్దరూ రైలెక్కుతారు. టూకో వాలెస్‌ని లాక్కుంటూ కదిలే రైల్లోంచి దూకి, చంపేస్తాడు. సంకెల మాత్రం తెగదు. చివరికి పట్టాకి ఒక పక్క శవం, ఇంకో పక్క తను, గొలుసు పట్టా మీద పెట్టి, వచ్చే రైలుతో తెంపుకుంటాడు. లియోనే బ్రేగా బరువుని చచ్చాక కూడా వదల్లేదు. మొదటి సినిమాలో చీకోగా అతను పెద్ద పీపా కింద నలిగిపోవడం కూడా పక్కన పెట్టి చూడు. ఈ రెండు చావుల మీద రెండు పేరాలు రాసినా ఎక్కువ కాదు.

మధ్యలో సినిమాల్ని ఏకరువు పెట్టొద్దు. దర్శకుడు కొర్బూచి తీసిన 'ది గ్రేట్ సైలెన్స్' (1968)కి ఒక వాక్యం చాలు. మన పాఠకుడికి ఈ తరహా గుర్తు చెయ్యాలంటే 'మోసగాళ్ళకు మోసగాడు' (1971) పేరెత్తితే సరిపోతుంది. "ఇటలీ రావు గోపాలరావు" మాత్రం దయచేసి వద్దు.

నీ వ్యాసంలో సగం, నటుడు, దర్శకుడు కార్లో వెర్దోనే తీసిన, బ్రేగా నటించిన హాస్య చిత్రాలకివ్వాలి. 'ఉన్ సాక్కో బెల్లో' (1980), 'బియాంకో, రోస్సో ఎ వెర్దోనే' (1981), 'బోరోతాల్కో' (1982). ఇక్కడ గొంతు అతనిదే, యాస రోమ్‌ది. 1981 సినిమాలో లారీ డ్రైవరుగా వచ్చి ముసలావిడకి ఇంజెక్షన్ చేస్తాడు. ఈ చెయ్యి ఇనుమూ కాగలదు, ఈకా కాగలదు అంటాడు. టూకోని బాదిన చెయ్యే! ఆ డైలాగు ఇటలీలో ఇప్పటికీ జనం నోళ్లలో ఉంది. అలాంటివాణ్ణి పట్టుకుని "గుర్తింపుకు నోచుకోని నటుడు" అని మొదలుపెట్టావు. ఆ వాక్యం తీసెయ్, 1994లో పోయాడన్న సంగతి ఎక్కడైనా ఒక ముక్కలో చెప్పు.

ముందు పట్టిక పంపు. గొంతు గడిలో తేలనివి ఖాళీగానే వదిలెయ్, ఊహించి నింపకు.