స్టిక్ వదిలేసినా బొమ్మ నడుస్తోంది!

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో ఎక్కువ భాగం గేమ్ కంట్రోలర్ల మీదే. ఒకేలా ఉన్నవాటిని కలిపేశాం. ఒక్క మాట మాత్రం ముందే చెప్పాలి. కంట్రోలర్‌ని ఇంకో కేబుల్‌తో, ఇంకో కంప్యూటర్‌కో ఫోన్‌కో పెట్టి చూశారా లేదా అన్నది చాలామంది రాయలేదు. ఈసారి రాసేటప్పుడు అది కూడా రాయండి, జబ్బు కంట్రోలర్‌దా కాదా అన్నది అక్కడే తేలిపోతుంది.

ప్రశ్న: పీఎస్4 కంట్రోలర్‌లో ఎడమ స్టిక్ ముట్టుకోకపోయినా ఆటలో బొమ్మ మెల్లగా పైకి నడిచిపోతోంది. వెనకున్న చిన్న రంధ్రంలో పిన్ను గుచ్చి రెండుసార్లు రీసెట్ చేశాను. ఒకరోజు బాగుంది, మళ్లీ మొదలు. స్టిక్ మార్చాల్సిందేనా?
— డిగ్రీ విద్యార్థి, ఏలూరు

ఇలా స్టిక్ ముట్టుకోకుండానే బొమ్మ కదలడాన్ని డ్రిఫ్ట్ అంటారు. రీసెట్‌తో అది పోదు. ఆ రంధ్రంలోని బటన్ జత కట్టిన వివరాలను చెరిపేస్తుంది, అంతే. ఒకరోజు బాగుండటం కేవలం కాకతాళీయం.

స్టిక్ కింద ఒక లోహపు పెట్టె, దాని రెండు పక్కలా అంటుకుని స్టిక్ ఎటు, ఎంత తిరిగిందో కొలిచే రెండు చిన్న పొటెన్షియోమీటర్లు ఉంటాయి. రిపేరు షాపుల్లో 'పాట్' అంటారు. ఒకటి పైకీ కిందికీ, రెండోది ఎడమకీ కుడికీ. ఒక్కో దాని లోపల కార్బన్ పూసిన చాపం, దాని మీద రాసుకుంటూ తిరిగే సన్నటి లోహపు నాలుక. స్టిక్ తిప్పినప్పుడల్లా ఆ నాలుక కార్బన్‌ని కొద్దికొద్దిగా గీరుతుంది. ఎక్కువగా అరిగేది మధ్యలోనే, ఎందుకంటే స్టిక్ విశ్రాంతిగా ఉండేదీ, ప్రతి కదలికా మొదలయ్యేదీ అక్కడే. రాలిన నల్లపొడి నాలుక కిందికి చేరితే రీడింగ్ గెంతుతుంది. పీఎస్5, ఎక్స్‌బాక్స్ కంట్రోలర్లలో కూడా ఇదే ఏర్పాటు.

ముందు కంప్యూటర్‌లో చూడండి. కంట్రోలర్‌ని కేబుల్‌తో కలిపి, విండోస్ మీటా ఆర్ మీటా కలిపి నొక్కి, వచ్చిన పెట్టెలో ఇంగ్లిష్‌లో 'జాయ్.సీపీఎల్' అని కొట్టండి. కంట్రోలర్ పేరు మీద ప్రాపర్టీస్ నొక్కితే చతురస్రంలో చిన్న కూడిక గుర్తు కనిపిస్తుంది. స్టిక్‌ని ఒకవైపు చివరిదాకా తోసి, మెల్లగా వదిలేయండి. నాలుగు వైపులా ఇలాగే చేస్తూ గుర్తు ఎక్కడ ఆగుతోందో గమనించండి. వణుకుతూ అటూ ఇటూ ఊగితే పొడి లేదా అరుగుదల. వణకకుండా, ప్రతిసారీ ఒకే చోట, కాస్త పక్కకి ఆగితే మధ్య బిందువు తప్పిందన్నమాట. తోసిన వైపే కొద్దిగా ఒరిగి ఆగిపోతే స్ప్రింగ్ బలహీనపడింది.

మధ్య బిందువు తప్పినదైతే విప్పే పని లేదు. మీ పీఎస్4 కంట్రోలర్ డ్యూయల్‌షాక్ 4కీ, పీఎస్5 డ్యూయల్‌సెన్స్‌కీ క్రోమ్ బ్రౌజర్‌లోనే నడిచే ఉచిత క్యాలిబ్రేషన్ (మధ్య బిందువుని మళ్లీ సరిచేసే) పేజీ ఉంది. కేబుల్‌తో కలిపి అది చెప్పినట్టు స్టిక్ తిప్పితే సరిపోతుంది. ముందు తాత్కాలికంగా సరిచేసి ఒకపూట ఆడి చూసి, ఆ తర్వాతే శాశ్వతంగా భద్రపరచండి. విండోస్‌లో ఉండే పాత క్యాలిబ్రేషన్ మాత్రం నమ్ముకోకండి, ఇప్పటి ఆటలు చాలావరకు దాన్ని పట్టించుకోవు.

వణుకైతే శుభ్రం చేయాలి. కంట్రోలర్ ఆపేసి వెనక నాలుగు ప్లస్ స్క్రూలు తీయండి. రెండు అట్టలనూ గబుక్కున లాగకండి, మధ్యలో చార్జింగ్ బోర్డుకి వెళ్లే సన్నటి రిబ్బన్ తెగుతుంది. ఎల్2, ఆర్2 స్ప్రింగులు ఎగిరి పడితే మంచం కింద వెతుక్కోవాల్సిందే, కాబట్టి తువ్వాలు పరిచి దాని మీద చేయండి. బ్యాటరీ ప్లగ్ తీసేయండి. 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్ (మొబైల్ రిపేరు షాపుల్లో 'ఐపీఏ' అంటే ఇస్తారు) ఇన్సులిన్ సిరంజిలోకి తీసుకుని ఒక్కో పాట్ అంచున రెండు మూడు చుక్కలు మాత్రమే వేయండి. స్టిక్‌ని ఇరవై ముప్పైసార్లు గుండ్రంగా తిప్పండి. అరగంట ఆరనిచ్చి బిగించండి.

పొడి మాత్రమే అయితే ఇంతటితో పోతుంది. వారం పది రోజుల్లో తిరిగొస్తే కార్బన్ అరిగిపోయినట్టే, ఇంకెన్నిసార్లు కడిగినా లాభం లేదు. అప్పుడు మొత్తం స్టిక్ మాడ్యూల్ మార్చాలి. దానికి మొత్తం 14 కాళ్లు: రెండు పాట్‌లకు ఆరు, నొక్కుడు స్విచ్‌కి నాలుగు, పెట్టెకి నాలుగు. టంకం పని అలవాటు లేనివారు దీంతో నేర్చుకోవాలనుకోవద్దు. బోర్డులో రంధ్రం చుట్టూ ఉన్న రాగి రింగు కాళ్లతో పాటు ఊడి వచ్చేస్తుంది. అలవాటున్నవాళ్లకి ఒక కిటుకు: కంపెనీ వేసిన టంకంలో సీసం ఉండదు, తొందరగా కరగదు. ప్రతి కాలికీ కాస్త సీసం కలిసిన టంకం, ఫ్లక్స్ పట్టించి, ఆ తర్వాత పీల్చేస్తే నొప్పి లేకుండా వస్తుంది. ఇంకో సంగతి, మల్టీమీటర్ పెట్టేవాళ్లు పాట్ బోర్డు మీద ఉండగా కొలవకండి. నాలుగు పాట్‌లూ ఒకే సప్లైకి కలిసి ఉంటాయి కాబట్టి 10 కిలో ఓమ్‌ల పాట్ కూడా అందులో నాలుగో వంతే చూపిస్తుంది. మంచిదాన్ని పాడైపోయిందనుకుంటారు.

మార్చేటప్పుడు మళ్లీ పాట్‌లున్న మాడ్యూలే వేయనక్కర్లేదు. హాల్ ఎఫెక్ట్ మాడ్యూళ్లు దొరుకుతున్నాయి. వాటిలో అయస్కాంతమూ సెన్సరూ ఒకదాన్నొకటి తాకవు, అరిగేదేమీ ఉండదు. ఇదేమీ కొత్త వింత కాదు, సెగా డ్రీమ్‌కాస్ట్ కంట్రోలర్‌లో 1998లోనే వాడారు. ఏది వేసినా క్యాలిబ్రేషన్ తప్పనిసరి, ఎందుకంటే బోర్డులో ఉన్న లెక్కలు పాత పాట్‌లవి.

రిపేరు చేయించేదాకా ఆట సెట్టింగుల్లో డెడ్‌జోన్ (స్టిక్ మధ్యలో ఎంత కదిలినా ఆట పట్టించుకోని మేర) పెంచుకుని నెట్టుకురావచ్చు. ఐదు శాతంతో మొదలుపెట్టి బొమ్మ ఆగేదాకా పెంచండి. ఇరవై దాటించాల్సి వస్తే కాల్పుల ఆటల్లో గురి చూడటం కష్టం.

ప్రశ్న: స్టిక్ బిగుసుకుందని మా తమ్ముడు రెండు చుక్కలు కొబ్బరినూనె వేశాడు. మొదట్లో వెన్నలా తిరిగింది, ఇప్పుడు పనే చేయట్లేదు. శానిటైజర్‌తో తుడవొచ్చా?
— పాఠకురాలు, అమలాపురం

కోనసీమ నుంచి ఇంకేం నూనె వస్తుంది లెండి! నూనె విద్యుత్తుని పోనివ్వదు. పైగా లోపలున్న కార్బన్ పొడినీ, బయటి దుమ్మునీ కలిపి ముద్ద చేస్తుంది. కుట్టుమిషన్ నూనె, మామూలు డబ్ల్యూడీ-40 కూడా ఇదే కోవలోకి వస్తాయి. శానిటైజర్‌లో నీళ్లు, చాలావాటిలో గ్లిజరిన్ కలిసి ఉంటాయి, ఆల్కహాల్ ఆరిపోయాక జిగట మిగులుతుంది. నెయిల్ పాలిష్ తీసే ద్రవం అసలే వద్దు, ప్లాస్టిక్ కరిగిపోతుంది. పైన చెప్పిన ఐపీఏతోనే, కానీ మూడు నాలుగు దఫాలుగా, ప్రతిసారీ కారిన మురికిని ఇయర్‌బడ్‌తో తీస్తూ కడగండి.

ప్రశ్న: లోకల్ యూఎస్‌బీ గేమ్‌ప్యాడ్ కొన్నాను. కంప్యూటర్ టెస్టులో బటన్లన్నీ ఎర్రగా వెలుగుతున్నాయి, ఆటలో మాత్రం చలనం లేదు. మా స్నేహితుడి పీఎస్4 కంట్రోలర్ పెడితే ఒకసారి నొక్కితే మెనూలో రెండు గళ్లు దూకుతోంది. నా కంప్యూటర్‌లోనే ఏదో లోపం ఉందా?
— ఇంటర్ విద్యార్థి, ఖమ్మం

రెండూ వేర్వేరు సంగతులు, ఏదీ యంత్ర లోపం కాదు.

విండోస్‌లో కంట్రోలర్ మాట్లాడే భాషలు రెండు. పాతది డైరెక్ట్ ఇన్‌పుట్. 2005లో ఎక్స్‌బాక్స్ 360తో వచ్చింది ఎక్స్ ఇన్‌పుట్. పైన చెప్పిన జాయ్.సీపీఎల్ టెస్ట్ పెట్టె పాత భాషని కూడా చదువుతుంది, మీ ఆట కొత్తదాన్నే వింటోంది. చాలా గేమ్‌ప్యాడ్‌లలో మార్చుకునే వీలుంటుంది. మధ్యలోని హోమ్ లేదా మోడ్ బటన్‌ని ఐదు సెకన్లు నొక్కి పట్టండి, లైటు మారితే భాష మారినట్టు. కొన్నిటికి వెనక చిన్న స్విచ్ ఉంటుంది. రెండూ లేకపోతే ఆటని స్టీమ్ (కంప్యూటర్ ఆటలు కొని ఆడుకునే ప్రోగ్రామ్) ద్వారా తెరిచి, అందులో స్టీమ్ ఇన్‌పుట్ ఆన్ చేయండి. పాత భాషని అదే అనువదించి పెడుతుంది.

రెండు గళ్లు దూకడం ఇద్దరు అనువాదకులు ఒకేసారి మాట్లాడటం వల్ల. పీఎస్4 కంట్రోలర్ కోసం డీఎస్4విండోస్ ప్రోగ్రామ్ వేసి, స్టీమ్ ఇన్‌పుట్‌ని కూడా ఆన్‌లో ఉంచితే ఆటకి ఒక కంట్రోలర్ బదులు రెండు కనిపిస్తాయి. ఒకదాన్ని పూర్తిగా మూసేయండి. టాస్క్‌బార్ మూలన దాక్కుని ఉంటుంది, అక్కడా చూడండి.

ఈ టెస్ట్ పెట్టెని చూసి ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ ఉన్నవాళ్లు కంగారుపడే విషయం ఇంకోటుంది. కేబుల్‌తో పెట్టినప్పుడు ఎల్‌టీ, ఆర్‌టీ ట్రిగ్గర్లు రెండూ ఒకే గీత మీద కనిపిస్తాయి. రెండూ కలిపి నొక్కితే ఒకదాన్నొకటి కొట్టేసుకుని గీత మధ్యలోనే నిలబడుతుంది. అది పాత భాష పరిమితి. ట్రిగ్గర్లు బాగానే ఉన్నట్టు.

ప్రశ్న: ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ ఆటలో పేలుడు జరిగినప్పుడల్లా ఆఫ్ అయిపోతోంది. సెల్స్ కొత్తవే వేశాను.
— పాఠకుడు, నిజామాబాద్

పేలుడప్పుడే ఆగుతోందని గమనించి రాశారు, జవాబు అందులోనే ఉంది. పేలుడంటే వైబ్రేషన్. మోటార్లు తిరగడం మొదలైన క్షణంలో కరెంటు ఒక్కసారిగా లాగుతాయి, ఓపిక లేని సెల్ వోల్టేజి పడిపోతుంది, కంట్రోలర్ బ్యాటరీ అయిపోయిందనుకుని ఆగిపోతుంది. గోడ గడియారంలో వేసే చవక జింక్-కార్బన్ సెల్ కొత్తదైనా సరే, ఈ లాగుడుకి నిలవదు. ఆల్కలైన్ వేయండి, లేదా రీచార్జ్ అయ్యే నికెల్ మెటల్ హైడ్రైడ్ సెల్స్ కొనుక్కోండి. రెండోవి 1.2 వోల్టులే అయినా గట్టిగా లాగినప్పుడు వోల్టేజి నిలబెట్టుకుంటాయి.

తేల్చుకోవడం తేలిక. సెల్స్ రెండూ తీసేసి, కేబుల్ మీద ఆడండి. ఆగకపోతే తప్పు సెల్స్‌ది, లేదా సెల్ తగిలే స్ప్రింగులది. స్ప్రింగుల మీద తెల్లగా, పచ్చగా పొక్కు కట్టి ఉంటే పెన్సిల్ రబ్బరుతో రుద్ది, కొంచెం బయటికి లాగండి. కేబుల్ మీద కూడా ఆగితే ముందు ఇంకో కేబుల్‌తో చూడండి. అప్పటికీ ఆగితే బోర్డు చూపించాల్సిందే.

వైర్‌లెస్‌లో ఆగి ఆగి స్పందిస్తోందని రాసిన మరో ముగ్గురికి: బ్లూటూత్ డాంగిల్ సీపీయూ వెనకాల, యూఎస్‌బీ 3 హార్డ్‌డిస్క్ పక్కన ఉందా? యూఎస్‌బీ 3 పోర్టు నుంచి వచ్చే రణగొణ 2.4 గిగాహెర్ట్జ్ దగ్గరే పడుతుంది, బ్లూటూత్ నడిచేదీ అక్కడే. ఒక మీటరు యూఎస్‌బీ 2 ఎక్స్‌టెన్షన్ కేబుల్‌తో డాంగిల్‌ని బల్ల మీదికి తెచ్చి పెట్టండి.

ప్రశ్న: పీఎస్4 కంట్రోలర్‌లో ఎక్స్ బటన్ తానే నొక్కుకుంటోంది, బాణం గుర్తుల్లో రెండు పనిచేయవు. రబ్బర్లు మార్చినా అంతే.
— పాఠకుడు, విశాఖపట్నం

ఒక్క బటనే చెడితే రబ్బరు కిందో ఫిల్మ్ మీదో మురికి. ఒకదానికొకటి సంబంధం లేని బటన్లు కలిసి చెడితే దోషం అవన్నీ వచ్చి కలిసే చోట ఉంటుంది. బటన్ల కింద తీగలు ముద్రించిన పారదర్శకమైన ఫిల్మ్ ఉంటుంది. దాని కొసని బోర్డుకి టంకం వేయరు. బోర్డు మీది రాగి గీతలకు ఆనించి, వెనక నుంచి చిన్న స్పాంజి ముక్కతో అదిమిపెడతారు. ఏళ్లు గడిచేకొద్దీ స్పాంజి అణిగి చపాతీలా అవుతుంది, పట్టు పోతుంది. సముద్రపు గాలి తేమకి గీతల మీద పొర కడితే మరీ త్వరగా.

బోర్డు ఎత్తి, రాగి గీతలనూ ఫిల్మ్ కొసనూ ఐపీఏతో తుడవండి. కరెంటు టేపుని స్పాంజి వెడల్పుకి కోసి, రెండు పొరలు స్పాంజి మీద అంటించండి. బోర్డు స్క్రూ మామూలుగా బిగిస్తే చాలు. మూడు నాలుగు పొరలు వేస్తే బోర్డు వంగుతుంది. అప్పటికీ కుదరకపోతే ఫిల్మ్ మార్చాలి, కానీ బోర్డు మీద జేడీఎం అక్షరాలతో మొదలయ్యే నంబరు రాసుకుని కొనండి. అన్ని బోర్డులకీ ఒకే ఫిల్మ్ పట్టదు.

ప్రశ్న: బాబు కంట్రోలర్ మీద కూల్‌డ్రింక్ ఒలకబోశాడు. బియ్యం డబ్బాలో పెట్టాను, రెండ్రోజులైంది. చార్జింగ్ పెట్టొచ్చా?
— గృహిణి, కరీంనగర్

పెట్టకండమ్మా. బియ్యం లోపలి తడిని లాగదు, పంచదారని అసలే లాగదు. అది ఎండి బటన్లని అతికించేస్తుంది, బోర్డు మీద పచ్చటి తుప్పు పట్టిస్తుంది. విప్పించి బ్యాటరీ తీయించండి. రబ్బర్లు, బటన్లు, పై అట్టలు గోరువెచ్చటి సబ్బు నీళ్లలో కడిగి నీడన ఆరబెట్టొచ్చు. బోర్డుకి మాత్రం మెత్తటి టూత్‌బ్రష్, ఐపీఏ. ఒక రోజంతా ఆరాక బిగించి చూడండి. బ్యాటరీ ఉబ్బి ఉంటే తిరిగి పెట్టకండి, అలాగని చెత్తబుట్టలోనూ వేయకండి.

ప్రశ్న: టైప్-సి గేమ్‌ప్యాడ్ ఫోన్ చార్జర్‌తో చార్జ్ కావట్లేదు, టీవీకి పెడితే అవుతోంది. పోర్టు పోయిందా?
— పాఠకుడు, తిరుపతి

పోలేదు. ఫోన్ చార్జర్ కేబుల్‌కి రెండు కొసలా టైప్-సి ఉండి ఉంటుంది. అలాంటి చార్జర్ అవతల 5.1 కిలో ఓమ్‌ల చిన్న రెసిస్టర్ కనిపిస్తే తప్ప కరెంటు వదలదు, చవక గేమ్‌ప్యాడ్‌లలో చాలాసార్లు అది వేయరు. ఒక కొసన పాత పెద్ద యూఎస్‌బీ ఉన్న కేబుల్ వాడితే ఆ గొడవే లేదు, టీవీ దగ్గర జరిగిందదే.