బుజ్జీ, కేసు వేసే ముందు తేదీ చూసుకో

చి. బుజ్జికి మామయ్య ఆశీస్సులు.

నీ షెడ్డుకి నోటీసు అంటించిన సహకార బ్యాంకు మీద కేసు వేస్తున్నావని నిన్న మీ అమ్మ ఫోన్లో ఏడుస్తూ చెప్పింది. నోటీసు వస్తే పెరటి గుమ్మంలోంచి జారుకున్న బాపతు మన ఇంటి మగాళ్లు, నువ్వేమో ఎదురు నిలబడతానంటున్నావు. గర్వంగానే ఉంది, నిద్ర మాత్రం పట్టలేదు.

ప్లీడరు గుమాస్తాగా బతికినవాణ్ణి కాబట్టి చెబుతున్నా. సహకార బ్యాంకుకి సర్ఫేసీ చట్టం, అదే కోర్టుకి వెళ్లకుండానే తాకట్టు ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకోనిచ్చే చట్టం, వర్తించదని ఎవరో నీకు నూరిపోశారటగా, ఆ వాదన ఎప్పుడో చచ్చింది. 2020 మేలో పాండురంగ్ చౌగులే కేసులో సుప్రీంకోర్టు ఐదుగురు జడ్జిల బెంచి వర్తిస్తుందని తేల్చేసింది. దాని మీద ఫీజు తగలెయ్యకు. హైకోర్టులో రిట్ వేసినా చాలాసార్లు ముందు డీఆర్‌టీకి, అంటే బ్యాంకు బాకీల ట్రిబ్యునల్‌కి, వెళ్లమనే అంటారు, మన గుడివాడ వాళ్లకి అది విశాఖలో. రసీదులు, స్టేట్‌మెంట్లు తేదీల వారీగా పెట్టుకో. తాకట్టులో ఉన్న ఆ ఎకరం నిజంగా సాగులో ఉంటే ఏ పంట వేశారో చూపే అడంగల్ రికార్డు తీయించు, వ్యవసాయ భూమి జోలికి ఈ చట్టం కింద రాకూడదు.

ఇక మీ పెద్దమామయ్య సంగతి, నీకు సగమే తెలుసు. 60 రోజుల్లో బాకీ కట్టమనే డిమాండ్ నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో వస్తే, తీసుకోకపోతే అందనట్టే కదా అని పోస్ట్‌మన్‌ని తిప్పి పంపేశాడు. ఆయన కవరు మీద 'రెఫ్యూజ్డ్' అని రాసుకుపోయాడు, కోర్టు లెక్కలో అది అందినట్టే! తీసుకుని ఉంటే వడ్డీ లెక్క తప్పని రాసి ఇచ్చేవాడు, దానికి బ్యాంకు జవాబు చెప్పి తీరాలి, ఇప్పుడైతే 15 రోజుల్లో. తర్వాత మిల్లు షట్టరుకి మైదా జిగురుతో స్వాధీనం నోటీసు అంటించారు, పేపర్లో పేరూ పడింది. అప్పటికైనా ట్రిబ్యునల్‌కి వెళ్లడానికి 45 రోజులుంది. ఆ రోజులన్నీ బ్యాంకు డైరెక్టరు గారొకరి అరుగు మీద కూర్చున్నాడు. "చూద్దాం లెండి, మనవాళ్లేగా" అంటూ ఆయన కాఫీ ఇప్పించేవాడు. కాఫీకి రసీదు ఉండదుగా. గడువు దాటాక వకాలత్ మీద సంతకం పెట్టాడు, మిల్లు వేలంలో పోయింది. ఆ ఊళ్లో పేపరు వేసే కుర్రాడు కనిపిస్తే మా వదిన ఇప్పటికీ తలుపేసుకుంటుంది.

నీ షెడ్డుకి నోటీసు అంటించి ఎన్నాళ్లయింది? మీ అమ్మ "మొన్నీమధ్యే" అంటుంది. మొన్నీమధ్య అంటే ఎన్ని రోజులే? తేదీ చూసి ఈ రాత్రే మెసేజ్ పెట్టు. ఒకేసారి ఇంత కట్టి బాకీ తేల్చుకునే వన్ టైమ్ సెటిల్‌మెంట్ మాటలు నడుస్తున్నాయని ఆగకు, అవీ నడవనీ, కేసూ నడవనీ. స్టే ఇచ్చినా కొంత కట్టమనొచ్చు, ఆ డబ్బు ఇప్పుడే సర్దుకో. మొత్తం కట్టి విడిపించుకోవాలన్నా వేలం ప్రకటన పడకముందే.

కసిరానని ముఖం ముడుచుకోకు తల్లీ. విశాఖ వెళ్లే రత్నాచల్ రైలుకి రెండు టికెట్లు తియ్యి, నేనూ వస్తా. నా మోకాళ్ల సంగతి మీ అత్తయ్యకి నేను చెప్పుకుంటాలే.