పక్కపక్క ఇళ్ల కథ రాస్తున్న అమ్మాయికి

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు పంపిన స్క్రిప్టు శ్రద్ధగా చదివాను. పక్కపక్క వాటాల్లో ఉండే రెండు కుటుంబాల కథను నవ్వు చెడకుండా, గుండె తడి ఆరకుండా నడపాలన్న నీ సంకల్పం నాకు ఎంతో నచ్చింది. అయితే నీ కథలో ఎడమ వాటావాళ్లు ఏం చేసినా ఒప్పు, కుడి వాటావాళ్లు నోరు విప్పితే తప్పు. ఎవరు నెగ్గుతారో మొదటి సీనులోనే తెలిసిపోయాక, చివరిదాకా కూర్చోవలసిన అవసరం ప్రేక్షకుడికి ఏముంటుంది? ఈ ఒక్క చిక్కును గురించే రాయాలనుకున్నాను. అందుకు 1975 నుంచి 1978 దాకా బీబీసీలో వచ్చిన 'ది గుడ్ లైఫ్' అనే ధారావాహికను ఆసరాగా తీసుకుంటున్నాను. దాన్ని హాస్యం కిందే జమకడతారు గానీ, ఇరుగుపొరుగు బంధాన్ని అంత లోతుగా పట్టుకున్న రచనలు టెలివిజన్‌లో తక్కువ.

లండన్ శివార్లలోని సర్బిటన్‌లో టామ్, బార్బరా గుడ్ దంపతులు ఒక ఇంట్లోనూ, జెర్రీ, మార్గో లెడ్‌బెటర్ దంపతులు పక్కింట్లోనూ ఉంటారు. అల్పాహారపు పొట్లాల్లో పిల్లల కోసం వేసే ప్లాస్టిక్ బొమ్మలకు నమూనాలు గీసే టామ్, తన 40వ పుట్టినరోజున ఆ ఉద్యోగం మీద విసుగు పుట్టి, ఉన్న పెరట్లోనే కూరలు పండించుకుని, మేకనూ కోళ్లనూ పందులనూ పెంచుకుని, వీలైనంత వరకు బయట ఏదీ కొనకుండా బతకాలని నిశ్చయించుకుంటాడు. జెర్రీ అదే కంపెనీలో పై పదవికి ఎదిగినవాడు. మార్గోకు పొందికైన తోట, నలుగురిలో మర్యాద ప్రాణంతో సమానం. రచయితలు జాన్ ఎస్మండ్, బాబ్ లార్బీ తలచుకుంటే, మట్టిని నమ్ముకున్నవాడు మహాత్ముడనీ, డబ్బున్న పక్కింటావిడ మూర్ఖురాలనీ తేల్చేసి చేతులు దులుపుకునేవారు. వాళ్లు ఆ దారి తొక్కలేదు. 30 ఎపిసోడ్ల పాటు ఆ నాలుగు పాత్రలు మనకు మొహం మొత్తకపోవడానికి అదే కారణమని నా గట్టి నమ్మకం.

మార్గో స్థానంలో నిన్ను ఊహించుకో. ఏళ్ల తరబడి కష్టపడి పెంచుకున్న పచ్చిక పక్కనే ఒకరోజు పందుల దొడ్డి వెలుస్తుంది, తెల్లవారకముందే కోడిపుంజు కూస్తుంది, ఇంటికి వచ్చిన అతిథులు ముక్కు మూసుకుంటారు. ఏ పంచాయితీలో పెట్టినా ఆమె గోడు న్యాయమైనదే. ఆమెకు అంతటి న్యాయమైన కారణం ఇచ్చి, ఆ తరువాతే ఆమెను చూసి నవ్వమన్నారు రచయితలు. అంతటితో ఆగలేదు. ఒక ఎపిసోడ్‌లో నలుగురూ కలిసి టామ్ ఇంట్లో బఠాణీ కాయలతో చేసిన వైన్ తాగుతారు. ఆ మత్తులో మార్గో తనకు హాస్య స్పృహ లేదనీ, చిన్నప్పటి నుంచీ అందరూ తనను చూసి నవ్వుతూనే ఉన్నారనీ బయటపెడుతుంది. అప్పటిదాకా మనం ఎవరిని చూసి నవ్వామో ఆ మనిషికి మన నవ్వు వినబడుతూనే ఉందని ఆ క్షణంలో తెలుస్తుంది. నీ స్క్రిప్టులో కుడి వాటా ఇల్లాలికి ఇటువంటి ఘడియ ఒక్కటి కూడా లేదు. ఆమె కేవలం మోటారు నీళ్ల కోసం అరవడానికే పుట్టినట్టుంది.

పెనెలపీ కీత్ నటన వల్లనే మార్గో అంతగా పండిందని అనేవారున్నారు. అది నిజమే గానీ, అందుకు తగిన మాటలు కాగితం మీద ఉండాలి కదా. 1977 క్రిస్మస్ ప్రత్యేక ఎపిసోడ్ చూడు. ఇంటికి వచ్చిన క్రిస్మస్ చెట్టు తాను చెప్పిన ఎత్తు లేదని మార్గో దాన్ని తిప్పి పంపిస్తుంది. ఆ పట్టుదల వల్ల పండగ సరుకులేవీ అందక, దంపతులిద్దరూ పక్కింటి పండగకు వెళ్లవలసి వస్తుంది. అక్కడ పండగ టోపీలు పాత వార్తాపత్రికలతో చేసినవి. తన టోపీ డైలీ మిర్రర్‌తో చేసినదని మార్గో నొచ్చుకుంటుంది, డైలీ టెలిగ్రాఫ్ టోపీ అయితే పెట్టుకుంటానంటుంది. సామాన్యులు చదివే పత్రికను తలకెత్తుకోలేని ఆమె అంతస్తు, కాగితపు టోపీ పెట్టుకోవడానికైనా సిద్ధపడిన ఆమె స్నేహం, రెండూ ఆ కోరికలోనే ఉన్నాయి. ఆమె ఎటువంటిదో వివరించే పని మరో పాత్రకు పెట్టలేదు. నువ్వు మాత్రం ప్రతి సీను చివరా ఎవరో ఒకరి చేత పక్కింటివాళ్ల స్వభావాన్ని చెప్పిస్తున్నావు. ఆ వాక్యాలన్నీ కొట్టేయి.

అలాగని టామ్‌ను వెనకేసుకు రావడమూ లేదు. అతను సరదా మనిషి, ఆదర్శవాది, మొండివాడు కూడా. తన ఆదర్శానికయ్యే ఖర్చులో సగం బార్బరా మోస్తున్నదని అతనికి చాలాసార్లు తట్టదు. మంచి చీర కట్టుకోవాలని మన ఇళ్లలో ఆడవాళ్లకు ఎంత ఉంటుందో, మంచి గౌను వేసుకోవాలని బార్బరాకూ అంతే ఉంటుంది. ఆ చిన్న కోరికను రచయితలు మరిచిపోలేదు. నీ ఎడమ వాటా మేష్టారు నిజాయితీపరుడే, ఒప్పుకుంటాను. ఆ నిజాయితీకి ఆయన భార్య ఏమేం వదులుకుందో ఒక్కచోటైనా రాయి.

ఇక నీ ముగింపు. రెండు కుటుంబాలూ హఠాత్తుగా కౌగిలించుకోవడం నాకు నమ్మబుద్ధి కాలేదు. గుడ్ దంపతుల నాలుగో సిరీస్ చివరి ఎపిసోడ్‌లో నలుగురూ వేడుక చేసుకుని తిరిగి వచ్చేసరికి, ఎవరో చొరబడి టామ్ ఇల్లంతా ధ్వంసం చేసి ఉంటారు. బార్బరా కుప్పకూలిపోతుంది, ఇంతకాలం పడ్డ పాటు ఇక చాలనిపిస్తుంది. అంతకాలం నవ్వించిన ధారావాహిక ఆ గదిలో నవ్వును ఆపేసే ధైర్యం చేసింది. టామ్ బతుకు తీరును ఏనాడూ మెచ్చని మార్గో, జెర్రీ అప్పుడు వాళ్ల పక్కనే నిలబడతారు, తమ అభిప్రాయం మార్చుకోకుండానే. నీ కథలో కూడా నీళ్ల గొడవ తీరకపోయినా ఫరవాలేదు. కుడి వాటా ఆవిడ ఆ రాత్రి మేష్టారింటికి ఎందుకు వెళ్లిందో, వెళ్లి ఏ పని చేసిందో ముందు తేల్చుకో. ఆ సీను ఆమె వైపు నుంచి తిరగరాసి, మిగతాదాన్ని ముట్టుకోకుండా, అదొక్కటే నాకు పంపు.

నీ శ్రేయోభిలాషి