లేని పిల్లలు కనిపిస్తున్నారు.. అమ్మకు మతి తప్పుతోందా?

ప్రశ్న: మాది దేవరకొండ దగ్గర పల్లె. అమ్మకు 72 ఏళ్లు. షుగర్‌తో రెటీనా దెబ్బతిని రెండు కళ్లకూ చూపు బాగా తగ్గింది. ఈమధ్య పొద్దుగూకగానే వాకిట్లో రంగురంగుల బట్టలేసుకున్న చిన్నపిల్లలు కూర్చున్నారంటోంది. ‘లేరని నాకూ తెలుసు, కానీ కనిపిస్తున్నారు’ అంటుంది. గాలి సోకిందని చుట్టాలు తాయెత్తు కట్టించారు. మాకు చాలా టెన్షన్‌గా ఉంది.

జవాబు: అమ్మగారికి గాలీ సోకలేదు, మతీ తప్పలేదు. ‘లేరని నాకూ తెలుసు’ అన్న మాటే ఇందులో పెద్ద ధైర్యం. మీరు రాసినదాన్ని బట్టి ఇది చార్లెస్ బోనే సిండ్రోమ్ అనిపిస్తోంది. శుక్లాలతో చూపు పోయిన తన తాతకు మనుషులు, పక్షులు, బండ్లు కనిపించేవని, తెలివి మాత్రం నిక్షేపంగా ఉండేదని బోనే అనే స్విట్జర్లాండ్ శాస్త్రవేత్త 1760లోనే రాశాడు.

కన్ను సంకేతాలే పంపుతుంది. బొమ్మ కట్టేది మెదడు. సంకేతాలు తగ్గితే అది ఊరుకోదు, సొంతంగా బొమ్మలు అల్లుతుంది. లేనిదాన్ని పూరించే అలవాటు మనందరి మెదడుకూ ఉంది. గీతల నోటుబుక్కులో ఒకే గీత మీద ఎడమవైపు ప్లస్ గుర్తు, నాలుగు వేళ్ల వెడల్పు వదిలి కుడివైపు చుక్క పెట్టండి. ఎడమ కన్ను మూసి, కుడి కంటితో ప్లస్‌నే చూస్తూ పుస్తకాన్ని మెల్లగా దగ్గరికి తెండి. ఒకచోట చుక్క మాయమై, గీత మాత్రం తెగకుండా కనిపిస్తుంది. కంటి నరం బయటికి వెళ్లే ఆ చోట నిజానికి చూపే ఉండదు, మెదడే పూడ్చేస్తుంది. అమ్మగారికి పూడ్చాల్సిన ఖాళీ చాలా పెద్దది.

పిల్లలు కనిపించినప్పుడు లైటు వేయండి. తల కదపకుండా చూపు కుడికీ ఎడమకీ కొన్నిసార్లు తిప్పమనండి. చాలామందికి చెదిరిపోతాయి, నెలలు గడిచేకొద్దీ తగ్గుతాయి కూడా. ‘ఏరీ, చూపించు’ అని ఎవరూ ఎగతాళి చేయకండి. భయపడి ఆమె చెప్పడం మానేస్తే అసలు కష్టం అప్పుడే.

కంటి పరీక్ష వెంటనే చేయించండి. నల్లగొండలో కుదరకపోతే హైదరాబాద్ సరోజినీదేవి ఆసుపత్రి ఉంది. లేజర్‌తోనో ఇంజెక్షన్లతోనో ఉన్న చూపును కాపాడుకోవచ్చు.

మాటలు వినిపిస్తున్నా, కనిపించేవి నిజమేనని నమ్ముతున్నా, నడక మందగించి ఒళ్లు బిగుసుకుంటున్నా న్యూరాలజిస్టుకు చూపించాలి. జ్వరంతోనో, షుగర్ పడిపోయో ఉన్నట్టుండి తికమకగా మాట్లాడితే అదే రోజు ఆసుపత్రికి తీసుకెళ్లండి. తాయెత్తు ఉంటే ఉండనివ్వండి కానీ, గాలి పోవాలని ఉపవాసాలు మాత్రం పెట్టించవద్దు. షుగర్ మందులు వాడే మనిషికి అది ప్రాణం మీదికి వస్తుంది.